జుల్మీరా చేతులు

జుల్మీరాను మా కాలనీకి తెచ్చిన రోజు నాకు బాగా గుర్తుంది. కాఫీ కోతలు అయిపోయి కొండల మీద మంచు దిగుతున్న చలికాలం. మాలో చాలామందిని తెచ్చినట్టే ఆమెనూ రైలు చివర తగిలించిన, తాళం వేసిన పెట్టెలో తెచ్చారు. దిగినప్పుడు చేతిలో మూట కూడా లేదు. మంచి వయసులో ఉన్న పిల్ల. మొహం మీద, చెవుల మీద ఇంకా ఏమీ కనిపించడం లేదు. మోచేతి కింద మాత్రం పాలిపోయిన మచ్చ ఒకటి ఉంది. అక్కడ సూదితో గుచ్చితే ఆమెకు తెలియలేదు. దాంతో కుష్ఠు అని తేల్చారు.

అప్పటికి ఆడపిల్లల వార్డులో నేనే చిన్నదాన్ని. మా అమ్మ నన్ను గేటు దగ్గర వదిలి వెళ్ళాక నన్ను ముట్టుకున్న మనిషి లేదు. సిస్టర్లు చెడ్డవాళ్ళు కారు, కానీ గ్లౌజులు లేకుండా మా దగ్గరికి వచ్చేవారు కారు. గిన్నె బల్ల మీద పెట్టి వాళ్ళు వెనక్కి జరిగాక మేం వెళ్ళి తీసుకోవాలి. మంచాలు దూరం దూరంగా ఉండేవి. ఒకరి మంచం మీద ఇంకొకరు కూర్చోకూడదు.

జుల్మీరా ఈ పద్ధతులేవీ పట్టించుకోలేదు. వచ్చిన మర్నాడు మధ్యాహ్నం, వార్డు ముందు ఎండలో కూర్చుని నన్ను పిలిచింది.

"ఇలా రావే. అస్తమానం ఆ తల గోక్కుంటావేంటి?"

"ఏం లేదు."

"ఏం లేదా? ఇక్కడికే కనిపిస్తున్నాయి. మేపుతున్నావా వాటిని?"

చెయ్యి పట్టి లాగి, మోకాళ్ళ మధ్య కూర్చోబెట్టుకుని పేలు చూడడం మొదలుపెట్టింది. నాకు ఏడుపు ముంచుకొచ్చింది.

"నొప్పెట్టిందా?"

కాదని తల ఊపాను. మరెందుకో చెప్పడం నాకు చేతకాలేదు. ఆమె కూడా గుచ్చి గుచ్చి అడగలేదు. "ఏడవ్వే, ఏడువు. తల మాత్రం కదపకు," అని తన పని తాను చేసుకుపోయింది.

ఆమె కాఫీ తోట కూలీల ఇంట పెద్దకూతురు. ఆమె కింద ఇంటినిండా పిల్లలు. ఊహ తెలిసినప్పటి నుంచి చంకలో ఎవరో ఒకరు ఉండాల్సిందేనట. అందరూ మొక్కజొన్న పొత్తుల పొట్టు కుక్కిన ఒకే పరుపు మీద, ఒకరి కాళ్ళ మీద ఒకరు కాళ్ళు వేసుకుని పడుకునేవారట. "ఇక్కడ మంచం బాగానే ఉంది జందీరా. కానీ పక్కన ఎవరూ లేకపోతే నా ఒళ్ళు ఎక్కడిదాకా ఉందో నాకే తెలియట్లేదే," అంది నాతో ఒకసారి.

తీసుకొచ్చిన రోజు సంగతి కూడా చెప్పింది. నల్ల బండిలో ప్రభుత్వం వాళ్ళు వచ్చి, ఆ పరుపును ఇంటి ముందు వేసి తగలబెట్టారు. తల్లి దగ్గరికి రాబోతే బండివాడు కర్ర అడ్డం పెట్టాడు. ఇంకా సరిగా నడక రాని కడగొట్టు తమ్ముడు ఆదెమార్ మంటను చూసి జడుసుకుని, అక్క వైపు రెండు చేతులూ చాచాడు.

"నా చేతులు వాటంతటవే లేచాయి. అలవాటు కదా. మా నాన్న అరిచాడు చూడు, కుక్కని అదిలించినట్టు. అప్పుడు తెలిసింది నాకు రోగం వచ్చిందని. సూది గుచ్చినప్పుడు కాదు."

మా కాలనీ చుట్టూ కంచె ఉండేది గానీ, లోపల అదొక ఊరు. చర్చి, బేకరీ, చిన్న సినిమా హాలు, బ్యాండు మేళం అన్నీ ఉండేవి. మమ్మల్ని బయటివాళ్ళు ముట్టుకోరు. వార్డు దాటాక మాలో మేం ముట్టుకుంటే మాత్రం అడిగేవాడు లేడు. అందుకేనేమో, శనివారం సాయంత్రం డాన్సుకి మంచాన పడ్డవాళ్ళు తప్ప అందరూ వచ్చేవారు. కుంటివాళ్ళు కూడా ఎవరో ఒకరి నడుం పట్టుకుని ఊగేవారు. బ్యాండులో బాకా ఊదే నజారియో జుల్మీరాను అక్కడే చూశాడు. అతనికి కుడిచేతి చిటికెన వేలు, ఉంగరం వేలు అప్పటికే కొంకర్లు పోయాయి.

"మూడే వేళ్ళు పనిచేస్తున్నాయి నాకు. బాకాకి మీటలూ మూడే. దేవుడు కొలత చూసే ఇచ్చాడు," అన్నాడు ఆమెతో.

"బాకా ఊదేటప్పుడు సరే. నన్ను పట్టుకోవాలంటే?"

"దానికి వేళ్ళెందుకు? చేతులు చాలు."

సరిగ్గా ఈ మాటలకే ఆమె పడిపోయిందని మేమందరం ఏడిపించేవాళ్ళం. పెళ్ళయ్యాక వాళ్ళకి కాలనీలోనే ఒక గది, వంటిల్లు ఉన్న ఇల్లిచ్చారు. పెద్దయ్యాక ఆ పక్కింట్లోకే నేను వెళ్ళాను.

జుల్మీరా కడుపుతో ఉన్నప్పుడు ఏం జరగబోతోందో మా అందరికీ తెలుసు. కాలనీలో పుట్టిన ఏ బిడ్డనీ తల్లి దగ్గర ఉంచరు. పుట్టగానే బుట్టలో పెట్టి, కొండ అవతల పిల్లల ఆశ్రమానికి పంపేస్తారు. తెలిసి కూడా ఆమె గౌన్లు కుట్టింది.

పురుడు పోసింది సిస్టర్ ఒతీలియా. తోడుగా నన్ను గది బయట నిలబడనిచ్చారు. పిల్ల ఏడుపు వినిపించింది. వెంటనే జుల్మీరా గొంతు.

"ఒక్కసారి సిస్టరమ్మా. మొహం కాదు, కాలు. ఒక్క కాలు పట్టుకుని వదిలేస్తాను."

"పిల్ల ఆరోగ్యంగా ఉంది తల్లీ. అలాగే ఉండాలంటే నువ్వు ముట్టుకోకూడదు."

"మరి నా కడుపులో ఉన్నన్నాళ్ళూ ఎవర్ని ముట్టుకుందమ్మా అది?"

సిస్టర్ ఒతీలియా పిల్లను గుడ్డలో చుట్టి బయలుదేరింది. తలుపు దగ్గర ఆగి, బట్ట తొలగించి పిల్ల మొహం చూపించింది. సిస్టర్ కళ్ళలో నీళ్ళు తిరగడం నేను చూశాను. బుట్ట తీసుకుని వెళ్ళిపోయింది. పిల్లకి లియొనోర్ అని పేరు పెట్టమని జుల్మీరా వెనక నుంచి అరిచింది. ఆ పేరే పెట్టారు, అంతవరకు మంచిది.

ఆ వారమంతా నేను ఆమె రొమ్ములకు తడిగుడ్డలు బిగించి కట్టాను. ఏ ఇంట్లోనో పిల్లి అరిచినా పాలు కారేవి. నజారియో వాకిట్లో కూర్చుని బాకా తుడుస్తూ ఉండేవాడు. ఎంతసేపు తుడిచేవాడో అతనికే తెలియదు.

బిడ్డల్ని చూపించే రోజులు ఏడాదిలో అరుదుగా వచ్చేవి. కాలనీ గేటు పక్కన పొడుగాటి గది, మధ్యలో అద్దం. ఇటు మేం, అటు పిల్లలు. మాటలు సరిగా వినిపించేవి కావు. అద్దానికి వేలు తగిలితే ఆయా అటువైపు నుంచి గట్టిగా కొట్టేది. లియొనోర్‌కు మాటలు వచ్చిన ఏడాది నేను జుల్మీరాకు తోడు వెళ్ళాను. ఉతికి గంజి పెట్టిన గౌన్లలో పిల్లల్ని వరసగా నిలబెట్టారు. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకోలేదు. లియొనోర్ మా వైపు చూసి, ఆయాను ఏదో అడిగింది. అద్దం వెనక నుంచి కూడా ఆ మాట నాకు అర్థమైంది.

"నాది ఏది?"

ఆయా చూపించేలోపే తనే వేలెత్తి నన్ను చూపింది. నేను పక్కకు తప్పుకుని జుల్మీరాను ముందుకు తోశాను. పిల్ల ఆమెను ఎగాదిగా చూసి, మళ్ళీ నా వైపే చూసింది. జుల్మీరా నవ్వుతూ చెయ్యి ఊపింది. ఇంటికి వచ్చాం. గుమ్మం ఎక్కాక, "నువ్వు నాకంటే తెల్లగా ఉంటావు కదే, అందుకే," అంది.

కొన్నేళ్ళకు పిల్ల రావడం మానేసింది. రాజధానిలో ఎవరో పెద్దింటివాళ్ళకు పెంపకానికి ఇచ్చామన్నారు. ఎవరికో చెప్పే పద్ధతి లేదన్నారు. అదీ అంతటితో సరి.

ఆ తర్వాత కొత్త మాత్రలు వచ్చాయి. మా రోగం ఆగింది. అప్పటికే పోయినవి మాత్రం తిరిగి రాలేదు. జుల్మీరాకు మచ్చ దగ్గర మొదలైన మొద్దుబారడం రెండు చేతులకూ పాకింది. ఒకరోజు నేను వాళ్ళ వంటింట్లో కూర్చుని చిక్కుడు గింజలు ఏరుతున్నాను. ఆమె పొయ్యికి ఆనుకుని నిలబడి ఏదో కబుర్లు చెబుతోంది. ఉన్నట్టుండి ముక్కు ఎగబీల్చి, "అవతలి పక్కింట్లో పంది మాంసం వండుతున్నారే. ఎవరికొచ్చిందో అదృష్టం," అంది.

నేను తలెత్తి చూశాను. ఆమె ఎడమ అరచెయ్యి పొయ్యి మీది ఇనుప రేకు మీద ఆని ఉంది.

ఆ చేతికి తర్వాత రెండు వేళ్ళు తీసేశారు. నొప్పి లేదు కాబట్టి ఆమె ఏడవలేదు. "నొప్పన్నా ఉంటే నాదే అనుకునేదాన్ని. ఎవరి చెయ్యో తెచ్చి నాకు తగిలించినట్టుంది," అంది.

నజారియో పరిస్థితి ఇంకా ఘోరం. వేళ్ళన్నీ కొంకర్లు పోయాయి, ఆ తర్వాత కళ్ళు పోయాయి. చేతులతో తడిమి చూద్దామంటే ఆ చేతులకు రాయికీ రొట్టెకీ తేడా తెలియదు. మిగిలింది పెదవులు. కప్పు, చెంచా, చొక్కా బొత్తాం, అన్నీ పెదవులకు ఆనించుకుని చూసేవాడు. ఎవరైనా కొత్తవాళ్ళు చూసి నవ్వితే, "ఏం చెయ్యను, దేవుడు నన్ను మళ్ళీ ఉయ్యాల్లో వేశాడు," అని తనే ముందు నవ్వేవాడు. పొద్దున్నే జుల్మీరా కాఫీ తెచ్చినప్పుడు ముందు ఆమె నుదుటికి పెదవులు ఆనించేవాడు. తర్వాతే కాఫీ.

వాళ్ళ ఇంటికీ మా ఇంటికీ మధ్య గోడ పల్చన. ఒకసారి వాళ్ళ మాటలు వినబడ్డాయి.

"పట్టుకున్నావా నన్ను?" అంటోంది ఆమె.

"పట్టుకునే ఉన్నా."

"నిజంగానా? నాకు తెలియట్లేదు."

"నాకు మాత్రం తెలుస్తోందా? పట్టుకున్నానని అనుకుంటున్నా. నువ్వు కూడా అలాగే అనుకో."

ఇద్దరూ నవ్వారు.

నజారియో మూత్రపిండాలు చెడి చనిపోయాడు. పోయేముందు ఒకే మాట అడిగాడు. "మన పిల్ల మొహం ఒకసారి పెదవులకు తగిలితే బాగుండేది జుల్మీరా. ఎవరి పోలికో చూసేవాణ్ణి."

ఆ తర్వాత గేటు గొలుసు తీసేశారు. ఇక ఎవరూ రోగులు కారు, ఎక్కడికైనా వెళ్ళవచ్చన్నారు. మేమిద్దరం కలిసి ఆమె పుట్టిన చోటికి బస్సులో వెళ్ళాం. తమ్ముడు ఆదెమార్ ఇప్పుడు మీసాలవాడు, పిల్లల తండ్రి. మర్యాదగానే మాట్లాడాడు. పెరట్లో కుర్చీలు వేయించాడు. కాఫీ తెచ్చి మా చేతికివ్వకుండా, మధ్యలో ఉన్న పీట మీద పెట్టి వెనక్కి జరిగాడు. జుల్మీరా ఆ కప్పు వైపు కాసేపు చూసి, "నీకు చిన్నప్పుడు చెవిపోటు వచ్చేది, తగ్గిందా నాయనా?" అని అడిగి లేచింది. మళ్ళీ ఆ ఊరి పేరు ఎత్తలేదు.

లియొనోర్ వచ్చింది ఒక ఆదివారం. ముప్పై దాటిన మనిషి. చిన్నప్పుడు ఆశ్రమంలో తనతో ఉన్న ఒకామె కనిపించి, మీ అమ్మానాన్నలు చచ్చిపోలేదు, అబద్ధం చెప్పారు అందట. అలా వెతుక్కుంటూ వచ్చింది. ముందు మా ఇంటికే వచ్చింది. గడ్డం దగ్గర నజారియో పోలిక చూసి నేనే గుర్తుపట్టి పక్కింటికి తీసుకెళ్ళాను.

జుల్మీరా బల్ల దగ్గర నుంచి లేచింది. నేనేమీ చెప్పనక్కర్లేకపోయింది. రెండు చేతులూ చాచి గబగబా వచ్చింది. లియొనోర్ రెండు అడుగులు వెనక్కి వేసి గోడకు ఆనుకుపోయింది.

జుల్మీరా చేతులు దించేసింది. "భయపడకమ్మా. నా రోగం ఎప్పుడో చచ్చింది. ఎవరికీ అంటదు."

"దానికి కాదు," అంది లియొనోర్. "అది కాదండీ. నన్ను ఎవరు ముట్టుకున్నా ఇంతే. ఒళ్ళు బిగుసుకుపోతుంది. నా మొగుడు రెండేళ్ళు ఓర్చుకుని పోయాడు. పిల్లలు వద్దని నేనే అన్నాను. ఎత్తుకోవాలి కదా వాళ్ళని."

కూర్చోమన్నాం. బల్లకు అటు చివర కూర్చుంది. పెద్దింటి పెంపకమంటే ఏమిటో అప్పుడు తెలిసింది. ఆ ఇంట్లో అంట్లు తోమడానికి తీసుకెళ్ళారట. వంటింటి పక్క సామాన్ల గదిలో పడుకునేదట. ఇప్పుడు ఒక లాండ్రీలో ఇస్త్రీ చేస్తోంది. ఇస్త్రీ చేసిన బట్టల వేడి తనకు బాగుంటుందంది. ఎవరూ చూడనప్పుడు ఆ దొంతర మీద చెంప పెట్టుకుంటానని చెప్పి, చెప్పినందుకు సిగ్గుపడింది.

"ఆశ్రమంలో కొట్టేవాళ్ళా?" అని జుల్మీరా అడిగింది.

"తప్పు చేస్తే కొట్టేవాళ్ళు. ఎక్కువేం కాదు. నేనే ఒక్కోసారి కావాలని తప్పు చేసేదాన్ని. అప్పుడే కదా ఒంటి మీద చెయ్యి పడేది."

జుల్మీరా బల్ల కింద తన చేతులు దాచుకుంది.

"ఒకటి అడగాలని వచ్చాను," అంది లియొనోర్. "నేను పుట్టినప్పుడు నన్ను ఎత్తుకున్నావా? ఒక్కసారైనా?"

నేను జుల్మీరా వైపు చూశాను. అవునని చెబుతుందనుకున్నాను. నేనైతే చెప్పేదాన్ని.

"లేదు. ఎత్తుకోనివ్వలేదు. కాలు పట్టుకుంటానని అడిగాను. అదీ కుదరదన్నారు."

లియొనోర్ తలెత్తింది. "అబద్ధమైనా చెప్పలేకపోయావా?"

"పుట్టినప్పటి నుంచి నీకు అందరూ అబద్ధాలే చెప్పారు. నేను కూడానా?"

ఇక రాదనుకున్నాను. మళ్ళీ వచ్చింది. నెలకో ఆదివారం వచ్చేది, బల్లకు అటు చివరే కూర్చునేది, జామపండు మిఠాయి తెచ్చేది. ఇద్దరూ లాండ్రీ కబుర్లు, కోళ్ళ కబుర్లు చెప్పుకునేవారు. వెళ్ళేటప్పుడు గుమ్మం దగ్గర ఒక క్షణం ఇబ్బందిగా నిలబడేవారు. ఎవరి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో ఇద్దరికీ తెలిసేది కాదు. "సరే మరి," అనేది జుల్మీరా. "సరే," అనేది కూతురు.

జుల్మీరాకు అరికాలి కింద పుండు పడింది. మేకు గుచ్చుకున్నా తెలియని కాళ్ళు. ఓ ఆదివారం కట్టు మార్చే నర్సు రాలేదు. కట్టంతా తడిసి వాసన వేస్తోంది. లియొనోర్ లేచి వేడినీళ్ళు పెట్టింది. కింద కూర్చుని, తల్లి కాలు తన ఒళ్ళో పెట్టుకుని కట్టు విప్పింది.

"నీకు కష్టం కదా," అంది జుల్మీరా.

"పనైతే పర్లేదు. పని చెయ్యగలను."

ఆమె కడిగి, తుడిచి, మందు వేసి కట్టు కట్టింది. జుల్మీరా కూతురి చేతుల్నే చూస్తూ కూర్చుంది. లియొనోర్ బస్సెక్కి వెళ్ళాక జుల్మీరా నా దగ్గరికి వచ్చి, చిన్నపిల్లలా వెక్కి వెక్కి ఏడ్చింది. ఇన్నేళ్ళలో ఆమె అలా ఏడవడం నేను చూడలేదు.

"నా బిడ్డ నా కాలు ఒళ్ళో పెట్టుకుంది జందీరా. చూస్తే గానీ నాకు తెలియలేదే. కళ్ళు మూసుకుంటే అక్కడ ఎవరూ లేరు."

పుండు ఎముకకు దిగింది. వానలు మొదలయ్యాక కాలు మోకాలి దాకా తీసేశారు. అయినా జ్వరం తగ్గలేదు. లియొనోర్ లాండ్రీకి సెలవు పెట్టి వచ్చి ఆసుపత్రి వార్డులో కూర్చుంది. ఒక మధ్యాహ్నం నేను జావ పట్టుకుని వెళ్ళేసరికి ఆమె కుర్చీలో లేదు. మంచం అంచున కూర్చుని ఉంది. తల్లి చేతి మీద ఒక వేలు ఆనించి, వైద్యుడు అడిగినట్టు అడుగుతోంది.

"ఇక్కడ తెలుస్తోందా?"

"లేదు."

"ఇక్కడ?"

"లేదమ్మా. వదిలెయ్. అక్కడంతా చచ్చిపోయింది."

"ఉండు. ఇక్కడ? మోచేతి పైన?"

"లేదు."

లియొనోర్ వదల్లేదు. పళ్ళు బిగించి, ఆ వేలిని కొంచెం కొంచెంగా పైకి జరుపుతోంది. వేలు భుజం దాటింది. చొక్కా పక్క నుంచి చంక కిందికి, జ్వరంతో కాలిపోతున్న చోటికి పోయింది.

జుల్మీరా ఉలిక్కిపడింది. కళ్ళు పెద్దవయ్యాయి.

"ఆఁ," అంది. "ఆఁ, అక్కడ."

లియొనోర్ అరచెయ్యి మొత్తం అక్కడ పెట్టింది. తీసేస్తుందని నేను అనుకుంటూనే ఉన్నాను. ఆమె ఒళ్ళంతా కొయ్యలా బిగుసుకుపోయి ఉంది, మెడ నరాలు తేలాయి. చెయ్యి మాత్రం తియ్యలేదు. జుల్మీరా తన మొండి చేతిని దగ్గరకు నొక్కుకుని, కూతురి చేతిని చంకలోనే బిగించి పట్టుకుంది.

"నీ చెయ్యి ఇంత చల్లగా ఉందేంటే?" అంది.

జావ చల్లారిపోయింది. నేను గిన్నె కిటికీలో పెట్టి బయటికి వచ్చేశాను.

ఆ తర్వాత జుల్మీరాకు తెలివి సరిగా లేదు. ఒకసారి నన్ను వాళ్ళమ్మ అనుకుంది, ఒకసారి ఆదెమార్‌ను దించమని, చంక లాగుతోందని అంది. వారం తిరగకుండా పోయింది. శవానికి స్నానం చేయించడానికి నర్సులు వస్తే లియొనోర్ వాళ్ళను పంపేసి తనే చేయించింది. నేను నీళ్ళు అందించాను. నజారియో పక్కనే పూడ్చాం.

ఆ తల్లీకూతుళ్ళు ఒకరినొకరు కౌగిలించుకున్నారని చెబితే మీకూ నాకూ కూడా బాగుంటుంది. వాళ్ళు కౌగిలించుకోలేదు. లియొనోర్ ఇప్పటికీ ఒంటరిగానే ఉంటోంది. మృతుల పండగకు ఏటా వచ్చి రెండు సమాధులూ కడుగుతుంది. మా ఇంట్లో బల్లకు అటు చివర కూర్చుని కాఫీ తాగుతుంది. ఆమె లేచే వేళకు నేను గుమ్మం దగ్గర దూరంగానే నిలబడతాను.

సమాధి చేసిన రోజు ఆమెను బస్సు దాకా దిగబెట్టాను. వాన వెలిసింది. బస్సు కోసం చూస్తూ నిలబడ్డాం. ఆమె తన కుడి అరచేతిని వెనక్కీ ముందుకీ తిప్పి చూసుకుంది.

"నా చేతులు చల్లగా ఉంటాయని నాకు తెలియదు," అంది. "ఎవరూ ఎప్పుడూ చెప్పలేదు."

బస్సు వచ్చింది. కిటికీ పక్క సీటు ఖాళీ ఉన్నా కూర్చోలేదు. పక్కన ఎవరైనా వచ్చి కూర్చుంటారని కాబోలు, వెనక తలుపు దగ్గర కడ్డీ పట్టుకుని నిలబడింది.